జేసీ (జాయింట్ కలెక్టర్) కోర్టు పోయింది, మా కేసు ఎవరు వింటారు? నా అనుభవం

ఎకరం 20 గుంటల చెలక కోసం మా అమ్మ వేసిన అప్పీలు నడుస్తుండగానే మా జిల్లా మారింది, అధికారి హోదా పేరు మారింది, చివరికి ఆ అప్పీలుకు ఆధారమైన చట్టమే రద్దయింది. మారిన ప్రతిసారీ మాకు ఎదురైన ప్రశ్న ఒక్కటే: ఇప్పుడు మా కేసు వినే అధికారం ఎవరికి ఉంది? తెలంగాణలో ఈ ప్రశ్నతో తిరిగిన కుటుంబాలు వేలల్లో ఉన్నాయి. 2020లో రెవెన్యూ కోర్టులు రద్దయ్యేనాటికి వాటిలో 16,000కు పైగా కేసులు పెండింగ్‌లో ఉన్నాయి. అందులో మాదొకటి. ఆ కాగితాలన్నీ నేనే దాచాను, ప్రతి వాయిదాకు అమ్మ వెంట నేనే వెళ్లాను. అందుకే జరిగింది జరిగినట్టు రాస్తున్నాను.

మా నాన్న 2013లో చనిపోయారు. భూమి ఆయన పేరు మీదే ఉంది, తాత నుంచి వచ్చింది. ఫౌతీ, అంటే చనిపోయినవారి భూమిని వారసుల పేరు మీదికి మార్పించుకోవడం, చేయించుకోవాలని అమ్మ అనుకుంటూనే ఉంది. 2016 మొదట్లో పంట లోను కోసం బ్యాంకులో కొత్త పహాణీ (భూమి ఎవరిదో, ఎవరు సాగు చేస్తున్నారో చూపే రికార్డు) తెమ్మన్నారు. నకలు తీస్తే పట్టాదారు కాలంలో నాన్న పేరు లేదు. మా పొలానికి రెండు గట్ల అవతల ఉండే రైతు పేరు ఉంది. నాన్న తనకు సాదా బైనామా (రిజిస్టర్ కాని అమ్మకం కాగితం) మీద అమ్మారని ఆయన దరఖాస్తు పెట్టుకుంటే, 2015లో మండల ఆఫీసు మ్యుటేషన్, అంటే రికార్డులో పేరు మార్పు, చేసేసింది. అమ్మకు నోటీసు ఇవ్వలేదు. ఆ భూమి దున్నుతున్నది మేమే, విత్తనం వేస్తున్నది మేమే. కాగితంలో మాత్రం మేము లేము.

అప్పుడు అమల్లో ఉన్నది 1971 నాటి ఆర్‌ఓఆర్ (భూమి హక్కుల రికార్డు) చట్టం. మా వకీలు సార్ మొదటి రోజే ఆ చట్టంలో ఎవరి పైన ఎవరో విడమరిచి చెప్పారు. రికార్డులో పేరు మార్చేది తహసీల్దార్. మార్చే ముందు, రికార్డులో పేరున్నవాళ్లకూ ఆ భూమితో సంబంధం ఉన్నవాళ్లకూ రాతపూర్వకంగా నోటీసు ఇవ్వాలని సెక్షన్ 5లోనే ఉంది. తహసీల్దార్ ఉత్తర్వు మీద అప్పీలు ఆర్డీఓ (రెవెన్యూ డివిజన్ అధికారి) దగ్గర. ఆర్డీఓ ఉత్తర్వు మీద రివిజన్ (పునఃపరిశీలన) సెక్షన్ 9 కింద జాయింట్ కలెక్టర్ దగ్గర. జనం వాడే మాటలో చెప్పాలంటే ఆర్డీఓ కోర్టు, జేసీ కోర్టు. నల్లకోట్లు, వాయిదాలు, పిలుపులు అన్నీ ఉండేవి కాబట్టి అవి నిజంగా కోర్టులేనని అమ్మ నమ్మేది. అక్కడ కూర్చున్నాయన జడ్జి కాదని, పొద్దున ధాన్యం కొనుగోళ్ల మీటింగులో ఉండి మధ్యాహ్నం మన కేసు వింటాడని తనకు తర్వాత అర్థమైంది.

2016 ఎండాకాలంలో ఆర్డీఓ దగ్గర అప్పీలు వేశాం. సర్టిఫైడ్ కాపీ జత చేశాం, నంబరు పడింది, ఒకటి రెండు వాయిదాలు పడ్డాయి. అంతలో దసరా వచ్చింది. 2016 అక్టోబర్ 11న రాష్ట్రంలో 10 జిల్లాలు 31 అయ్యాయి. మా మండలం కొత్త జిల్లాలోకి, కొత్త రెవెన్యూ డివిజన్‌లోకి వెళ్లింది. కొత్త జిల్లా కేంద్రం మాకు దగ్గరైందని ఊరంతా సంతోషపడింది, మేమూ పడ్డాం. తర్వాతి వాయిదాకు పాత ఆఫీసుకు వెళ్తే, "మీ మండలం మాది కాదమ్మా, ఫైళ్లు పంపించినం" అన్నారు. కొత్త ఆఫీసుకు వెళ్తే, "ఇంకా రాలే" అన్నారు.

ఇందులో ఎవరూ అబద్ధం చెప్పలేదు. ఆర్డీఓకు అధికారం వచ్చేది తన డివిజన్ హద్దుల వల్ల. నోటిఫికేషన్ అమల్లోకి వచ్చిన రోజు నుంచి మా మండలం మీద పాత ఆర్డీఓకు అధికారం లేదు, ఫైలు ఆయన బీరువాలోనే ఉన్నా సరే. కొత్త ఆర్డీఓకు అధికారం ఉంది, ఫైలు లేదు. ఆ మధ్య కాలంలో మా అప్పీలు కాగితం మీద బతికే ఉంది, వినేవాళ్లు మాత్రం లేరు. పాత ఆఫీసు నుంచి కాగితాలు గోనె సంచుల్లో మూటలు కట్టి వచ్చాయని, జాబితాతో సరిచూసుకోవడానికి మనుషులు చాలడం లేదని కొత్త ఆఫీసులో ఒక సీనియర్ అసిస్టెంట్ చెప్పారు. ఆయన మాతో మర్యాదగా మాట్లాడారు, ఆ మాట చెప్పాలి.

అప్పుడు మమ్మల్ని కాపాడింది ఒకే ఒక కాగితం. అప్పీలు వేసిన రోజు మా కాపీ మీద వేయించుకున్న ఇన్‌వర్డ్ (ఆఫీసుకు అందినట్టు చూపే) ముద్ర, తేదీ, నంబరు. గడువులోపే అప్పీలు వేశామనడానికి అదే రుజువు. వకీలు సార్ దాని జిరాక్సు పెట్టి, అప్పీలు మెమో, తహసీల్దార్ ఉత్తర్వు, పహాణీలు, నాన్న డెత్ సర్టిఫికెట్ అన్నీ మళ్లీ ఒక సెట్ చేసి, పాత ఫైలు వచ్చేదాకా ఈ సెట్‌తో విచారణ మొదలుపెట్టమని కొత్త ఆర్డీఓకు దరఖాస్తు ఇచ్చారు. కొత్త అప్పీలుగా తీసుకోవద్దని, పాత అప్పీలు కొనసాగింపుగా తీసుకోవాలని అందులో ప్రత్యేకంగా రాశారు. కొత్తగా వేస్తే 60 రోజుల గడువు దాటిందని ఎదుటివాళ్లు మొదటి మాటలోనే కొట్టిపడేస్తారు. ఈ చిన్న వాక్యం రాయించుకోక ఇబ్బంది పడ్డవాళ్లను అదే వరండాలో చూశాను.

ఫైలు దొరికింది. 2018లో ఆర్డీఓ ఉత్తర్వు మాకు వ్యతిరేకంగా వచ్చింది. నోటీసు ఇవ్వలేదన్న మా మాటను పట్టించుకోకుండా, వివాదం ఉంటే సివిల్ కోర్టుకు వెళ్లండి అన్నారు. రివిజన్ వేశాం. జేసీ కోర్టులో 2019 చివర్లో వాదనలు పూర్తయ్యాయి. ఎదుటి పక్షాన్ని జేసీ గారు అడిగిన ప్రశ్న నాకు గుర్తుంది: "సాదా బైనామా అంటున్నరు, మరి 13-బి సర్టిఫికెట్ ఏది?" రిజిస్టర్ కాని కాగితాన్ని ఆర్‌ఓఆర్ చట్టం కింద క్రమబద్ధీకరిస్తే వచ్చేది ఆ సర్టిఫికెట్. అది వాళ్ల దగ్గర లేదు. ఉత్తర్వు తర్వాత ఇస్తామని రిజర్వ్ చేశారు. ఈసారి న్యాయం జరుగుతుందని ఇంటికొస్తూ దారంతా అమ్మ మాట్లాడుతూనే ఉంది.

2020 ఫిబ్రవరిలో ప్రభుత్వం జాయింట్ కలెక్టర్ పోస్టుల స్థానంలో అదనపు కలెక్టర్లను తెచ్చింది. మా వాదనలు విన్న అధికారి బదిలీ అయ్యారు. ఉత్తర్వు రాలేదు. మార్చిలో లాక్‌డౌన్ పడింది. మళ్లీ ఆఫీసులు తెరిచాక, విన్నది పాత సారే కదా, ఫైలు చూసి కొత్త సార్ సంతకం పెడతారులే అని అక్కడ ఎవరో అన్నారు. వకీలు సార్ ఒప్పుకోలేదు. ఆయన మాకు చెప్పిన కేసు గుల్లపల్లి నాగేశ్వరరావుది. కృష్ణా జిల్లాలో బస్సు రూట్లను ప్రభుత్వం తీసుకునే స్కీము మీద ప్రైవేటు బస్సుల యజమానులు అభ్యంతరాలు పెడితే, వాటిని శాఖ కార్యదర్శి విన్నారు, నిర్ణయం మాత్రం ముఖ్యమంత్రి చేశారు. విన్నవాడు ఒకడు, తేల్చినవాడు ఇంకొకడైతే అది విచారణే కాదని 1958లో సుప్రీంకోర్టు ఆ నిర్ణయాన్ని కొట్టేసింది. అరవై ఏళ్ల కిందటి ఆ తీర్పు ఎకరంన్నర చెలక దాకా వస్తుందని నేను ఎప్పుడూ అనుకోలేదు. దాన్ని ఆధారం చేసుకుని, వాదనలు మళ్లీ వినాలని అదనపు కలెక్టర్‌కు పిటిషన్ ఇచ్చాం.

ఆ పిటిషన్ మీద వాయిదా పడకముందే, 2020 సెప్టెంబర్‌లో కొత్త చట్టం వచ్చింది. వీఆర్‌ఓ (గ్రామ రెవెన్యూ అధికారి) వ్యవస్థ రద్దు, 1971 చట్టం రద్దు, రెవెన్యూ కోర్టులు రద్దు. అక్టోబర్ 29న ఆ చట్టం అమల్లోకి వచ్చింది, భూమి రికార్డుల ఆన్‌లైన్ పోర్టల్ ధరణి మొదలైంది. భూమి తగాదాలు ఉంటే ఇక సివిల్ కోర్టుకే. ఊళ్లో అందరూ అన్న మాట, "పాత కేసులన్నీ కొట్టేసినట్టే". అమ్మకు ఆ రోజుల్లో ఉన్న టెన్షన్ చెప్పలేను. అన్నం ముందు కూర్చుని, "అప్పీలు వేసిన చట్టమే లేనప్పుడు మన అప్పీలు ఏడ ఉంటది బిడ్డా?" అని అడిగేది. వకీలు సార్‌ను అడగకుండా నేను జవాబు చెప్పలేకపోయాను.

ఆయన చెప్పిన జవాబు అమ్మకు అర్థమయ్యేలా ఉంది. "అమ్మా, మీరు టికెట్ కొని బస్సెక్కిన్రు. ఆ బస్సు నడవదంటే ఇంకో బస్సు ఎక్కిస్తరు. అదే బస్సు కావాలని మీరు పట్టుబట్టలేరు. కానీ టికెట్ చెల్లదని వాళ్లు అనలేరు." దీనికి ఆయన చూపించింది కూడా మన తెలుగు నేల కేసే. గరికపాటి వీరయ్య కేసు. బాపట్ల సబ్ కోర్టులో 1949లో వేసిన దావా అది. తర్వాత రాజ్యాంగం వచ్చింది, ఫెడరల్ కోర్టు పోయి సుప్రీంకోర్టు వచ్చింది, ఆంధ్ర రాష్ట్రం ఏర్పడింది, పై కోర్టుకు వెళ్లడానికి కావలసిన విలువ పరిమితి కూడా పెరిగింది. అయినా, దావా వేసిన రోజే అప్పీలు హక్కు కక్షిదారుకు దక్కిందని, తర్వాతి చట్టం స్పష్టంగానో, తప్పనిసరిగా అదే అర్థం వచ్చేలానో తీసేస్తే తప్ప అది పోదని 1957లో సుప్రీంకోర్టు చెప్పింది. జనరల్ క్లాజెస్ చట్టంలో ఉన్నదీ అదే పద్ధతి: ఒక చట్టం రద్దయితే, దాని కింద అప్పటికే వచ్చిన హక్కులు, నడుస్తున్న విచారణలు మామూలుగా రద్దు కావు, కొత్త చట్టం వేరేలా చెప్తే తప్ప. హక్కు మనది. దాన్ని ఏ అధికారి వింటాడన్నది మాత్రం చట్టం చేసేవాళ్ల చేతిలో ఉంటుంది.

మా విషయంలో కొత్త చట్టం ఆ సంగతి స్పష్టంగానే చెప్పింది. పాత రెవెన్యూ కోర్టుల్లోని పెండింగ్ కేసులన్నీ ప్రత్యేక ట్రిబ్యునళ్లకు బదిలీ అవుతాయి. ఊళ్లో అనుకున్నట్టు కేసులు పోలేదు. కానీ ఆ సంగతి మాకు ఏ నోటీసూ చెప్పలేదు, వకీలు సార్ చట్టం చదివి చెప్పారు.

రద్దయిన చట్టంతో మా ఎదుటి పక్షమూ ఇబ్బంది పడింది. జేసీ గారు 13-బి అడిగాక, 2020 అక్టోబర్‌లో ప్రభుత్వం సాదా బైనామాలకు మళ్లీ దరఖాస్తులు పిలిస్తే ఎదుటి రైతు కూడా పెట్టుకున్నారు, అదీ నవంబర్ మొదటి వారంలో. ఆ క్రమబద్ధీకరణకు ఆధారం 1971 చట్టం. అది అక్టోబర్ 29నే పోయింది. లేని చట్టం కింద దరఖాస్తులు ఎలా తేలుస్తారని హైకోర్టు ప్రశ్నించి, కొత్త చట్టం అమల్లోకి వచ్చాక అందినవాటిని పరిష్కరించవద్దని నవంబర్‌లోనే మధ్యంతర ఉత్తర్వు ఇచ్చింది. అప్పుడే నాకు తేడా తెలిసింది. చట్టం బతికి ఉన్నప్పుడు వేసిన మా అప్పీలుకు నడిచే దారి ఉంది. చట్టం పోయాక పెట్టిన ఆయన దరఖాస్తుకు దారి లేదు. ఒకే తేదీకి అటూ ఇటూ ఉన్నాం, అంతే. ఆయన కూడా రైతే, ఆయన ఆందోళన నేను చూశాను.

2021 జనవరిలో జిల్లాకొక ప్రత్యేక ట్రిబ్యునల్ ఏర్పడింది. కలెక్టర్, అదనపు కలెక్టర్ సభ్యులు. కేసులు తేల్చడానికి నెల గడువు. ఆ నెలలో మాకు పిలుపు రాలేదు. వచ్చింది నేరుగా ఉత్తర్వే. రికార్డులు పరిశీలించామని, ఆర్డీఓ ఉత్తర్వులో జోక్యం అవసరం లేదని, రివిజన్ కొట్టేస్తున్నామని అందులో ఉంది. వాదనలు మళ్లీ వినమని ఇచ్చిన పిటిషన్ ఊసే లేదు. 13-బి గురించి ఒక్క ముక్క లేదు. అన్నేళ్లు వాయిదాలకు తిరిగిన మనిషికి "మీ మాట ఏంటి" అని ఒక్కసారి కూడా అడగకుండా తీర్పు ఇచ్చారు. నాకు ఇప్పటికీ ఆ కాగితం చూస్తే కోపం వస్తుంది. ఓడిపోయినందుకు కాదు, వినకుండా ఓడించినందుకు.

అలా వినకుండా ఉత్తర్వులు వచ్చినవాళ్లు రాష్ట్రమంతా ఉన్నారు. ఆ సంగతి హైకోర్టు ముందుకు వెళ్లింది. పక్షాలకు వాదన చెప్పుకునే అవకాశం ఇవ్వకుండా ట్రిబ్యునళ్లు కేసులు తేల్చడం కుదరదని, అవకాశం దొరకనివాళ్లు కోరితే విచారణ జరపాలని 2021 మార్చిలో హైకోర్టు ఆదేశించింది. ట్రిబ్యునల్ ఉత్తర్వు మీద రెవెన్యూ శాఖలో ఇంకో అప్పీలు లేదు, హైకోర్టులో రిట్ వేయడమే. మాకు ఆ ఖర్చు లేకుండా ఈ ఆదేశం దారి చూపింది. వెంటనే పునర్విచారణ కోరుతూ ట్రిబ్యునల్‌కు దరఖాస్తు ఇచ్చాం. ఇన్‌వర్డ్ ముద్ర వేయించుకున్నాకే అక్కడి నుంచి కదిలాం.

ఈసారి నోటీసు వచ్చింది. కరోనా రెండో వేవ్ వల్ల ఆలస్యమై, విచారణ ఆ ఏడాది వానాకాలంలో జరిగింది. వకీలు సార్ రెండే పాయింట్లు ఎత్తారు: సెక్షన్ 5 కింద నోటీసు లేదు, 13-బి లేదు. కలెక్టర్ గారు అమ్మ వైపు చూసి ఏమైనా చెప్తారా అన్నారు. "సారూ, ఆయన అమ్మిండో లేదో కోర్టు చెప్పాలె. నన్ను అడగకుండ పేరు తీసిన్రు, అది చెప్పడానికొచ్చిన" అంది అమ్మ. నేను రాసిచ్చిన మాటలు కావు అవి. ఉత్తర్వు మాకు అనుకూలంగా వచ్చింది. 2015 నాటి మ్యుటేషన్ రద్దు, రికార్డులో నాన్న పేరు పునరుద్ధరించాలి, అసలు హక్కు ఎవరిదన్నది సివిల్ కోర్టులో తేల్చుకోవాలి.

గెలిచాం అనుకున్నాం గానీ, అమలు దగ్గర మళ్లీ పాత ప్రశ్నే. పాత చట్టంలో అయితే పై అధికారి ఉత్తర్వు పట్టుకుని తహసీల్దార్ దగ్గరికి వెళ్తే రికార్డు సరిచేసేవారు. కొత్త చట్టంలో తహసీల్దార్‌కు ఆ అధికారం లేదు, అన్నీ పోర్టల్‌లో జరగాలి. మీ సేవలో దరఖాస్తు పెడితే ఒక్క లైను కారణంతో తిరస్కరించారు. చేతిలో ఉత్తర్వు ఉంది, పోర్టల్‌లో మాత్రం ఎదుటి రైతు పేరే కనిపిస్తోంది. రైతుబంధు డబ్బులు కూడా అదే పేరుకు వెళ్లాయి. ఈ కాలం గురించి ఎక్కువ రాయడానికి ఏమీ లేదు. ప్రజావాణిలో అర్జీలు, రసీదులు, ఎదురుచూపు.

2025 ఏప్రిల్ 14న భూభారతి చట్టం అమల్లోకి వచ్చింది. రికార్డులు సరిచేసే అధికారాలు మళ్లీ కింది స్థాయికి వచ్చాయి. అప్పీలు మెట్లు కూడా తిరిగి వచ్చాయి: ఆర్డీఓ, కలెక్టర్, ఆ పైన భూమి ట్రిబ్యునల్. జూన్‌లో ఊళ్లో రెవెన్యూ సదస్సు పెడితే ట్రిబ్యునల్ ఉత్తర్వు సర్టిఫైడ్ కాపీ, పాత పహాణీలు, ఫౌతీ దరఖాస్తు కలిపి ఇచ్చాం. ట్రిబ్యునల్ ఇచ్చింది ఏ చట్టం కింద, ఇప్పుడు మేము అమలు చేసేది ఏ చట్టం కింద అని అక్కడా అడిగారు. ఆ ప్రశ్న వస్తుందని వకీలు సార్ ముందే ఒక పేజీ నోట్ రాసి జతచేశారు: ఏ ఉత్తర్వు ఏ తేదీన, ఏ అధికారి, ఏ చట్టంలోని ఏ అధికారంతో ఇచ్చారు, ఆ అధికారం తర్వాత ఎవరికి వెళ్లింది అని వరుసగా. నాకు తెలిసి ఈ కేసు మొత్తంలో అందరికంటే ఎక్కువ పని చేసిన కాగితం అదే. మాలాంటి కేసు ఉన్నవాళ్లు అలాంటి పేజీ ఒకటి రాయించి పెట్టుకోండి. అధికారి మారినప్పుడల్లా కొత్తాయన మీ ఫైలు మొదటి నుంచి చదవరు, ఆ పేజీ చదువుతారు.

ఇంకో విషయం. ఆఫీసు మారిందని తెలిసిన వారంలోనే కొత్త ఆఫీసుకు రాతపూర్వకంగా రాయండి, మా అప్పీలు ఫలానా నంబరు, ఫలానా తేదీన వేశాం, మీకు బదిలీ అయిందా లేదా చెప్పండి అని. జవాబు రాకపోతే సమాచార హక్కు కింద అడగండి. విన్న అధికారి బదిలీ అయితే, మళ్లీ వినమని కొత్త అధికారికి ఆలస్యం చేయకుండా పిటిషన్ ఇవ్వండి. ఉత్తర్వు వచ్చాక అడగడం కన్నా ముందు అడిగితే, వినలేదన్న మాట రికార్డులో ఉంటుంది.

పోయిన వానాకాలంలో అమ్మ పేరు మీద పాస్ బుక్ వచ్చింది. ఎదుటి పక్షం సాదా బైనామా ఆధారంగా జూనియర్ సివిల్ జడ్జి కోర్టులో దావా వేసింది. ఆయనకు ఆ హక్కు ఉంది. మాకు సమన్లు అందాయి, వకాలత్ వేశాం, రాతపూర్వక జవాబు తయారవుతోంది.